బుడమేరు పగ్గం దిగువన ఉంది

విజయవాడ బెంజ్ సర్కిల్ నుంచి హైవే మీద ఏలూరు వైపు బయలుదేరితే రామవరప్పాడు, ప్రసాదంపాడు దాటాక ఏనికేపాడు వస్తుంది. అక్కడ సాగునీటి కాలువ అడుగు నుంచి, సొరంగంలాంటి ఒక కట్టడంలో దూరి, అవతల తేలే నీటిపాయ ఒకటి ఉంది. ఆ కట్టడాన్ని ఇరిగేషన్ వాళ్లు అండర్ టన్నెల్ అంటారు, ఊళ్లో అందరికీ అది యూటీ. ఏడాదిలో ఎక్కువ రోజులు గుర్రపుడెక్క కప్పుకుని ఉండే ఆ పాయను చూసి మురుగు కాలువ అనుకునేవాళ్లే ఎక్కువ. అది బుడమేరు. 2024 ఆగస్టు 31న కురిసిన కుండపోత తర్వాత, సెప్టెంబరు 1న సింగ్‌నగర్, పాయకాపురం, రాజరాజేశ్వరిపేట ఇళ్లలోకి వచ్చి, రోజుల తరబడి కదలకుండా కూర్చున్న నీరు దానిదే. ఆ తర్వాత అందరూ అడిగినవి రెండే ప్రశ్నలు: పైన ఎంత వాన పడింది, గట్టు ఎక్కడ తెగింది. రెండూ అడగవలసినవే, అయితే రెండూ ఎగువ వైపు చూసే ప్రశ్నలు. నీరు ఎందుకు వచ్చిందో అవి చెబుతాయి. ఎందుకు పోలేదో చెప్పవు. చదునైన డెల్టా నేలలో ఒక చిన్న ఏరు ఎంత ఎత్తున పారాలో, ఎంత వేగంగా ఖాళీ కావాలో తేల్చేది దాని పుట్టుక కాదు, దాని చివర. బుడమేరు చివర విజయవాడలో లేదు. కొల్లేరు అవతల, ఉప్పుటేరు అవతల, కృత్తివెన్ను మండలంలో బంగాళాఖాతం అంచున ఉంది. ఆ చివరను లెక్కలోకి తీసుకోకుండా ఈ ఏటిని బాగుచేయడం సాధ్యం కాదన్నదే ఈ వ్యాసం వాదన.

ముందు ఏటి దారి చూద్దాం. మైలవరం చుట్టుపక్కల కొండల్లో పడిన వాన వాగులుగా చేరి బుడమేరవుతుంది. జి.కొండూరు మండలం వెలగలేరు దగ్గర దానికి అడ్డంగా రెగ్యులేటరు కట్టారు. మామూలు వరదను అక్కడి నుంచి డైవర్షన్ కాలువలోకి మళ్లించి, ఇబ్రహీంపట్నం వైపు, ప్రకాశం బ్యారేజీకి ఎగువన కృష్ణలో కలుపుతారు. పట్టిసీమ నుంచి 2015లో వచ్చిన గోదావరి నీళ్లు కృష్ణను చేరుకున్నదీ ఆ దారినే. మళ్లింపునకు లొంగనంత నీరొస్తే రెగ్యులేటరు గేట్లెత్తి పాత బుడమేరులోకి వదలాలి. ఆ పాత ఏరు విజయవాడ ఉత్తరపు అంచును ఒరుసుకుంటూ, ఏనికేపాడు దాటి, గన్నవరం, నందివాడ వైపు పొలాల మధ్య వంకర్లు తిరుగుతూ కొల్లేట్లో కలుస్తుంది. కొల్లేరు నుంచి సముద్రానికి ఉన్న దారి ఒక్కటే, సుమారు 60 కిలోమీటర్ల పొడవున్న ఉప్పుటేరు. కొండవాగుగా మొదలైన నీరు ఊరి పక్కన మురుగుగా, కొల్లేట్లో సరస్సుగా, ఆకివీడు దగ్గర ఉప్పటి ఏరుగా పేర్లు మార్చుకుంటుంది తప్ప నీటికి సంబంధించినంతవరకు అదంతా ఒకే ప్రయాణం. ఇరిగేషన్, డ్రైనేజీ, అటవీ, మత్స్య శాఖల మధ్య, మూడు నాలుగు జిల్లాల మధ్య పంచేసరికి ఆ ఒక్క ప్రయాణం మనకు నాలుగైదు వేరువేరు సమస్యలుగా కనబడుతోంది.

దిగువ ఎగువను శాసిస్తుందంటే వినడానికి తలకిందులుగా ఉంటుంది. నీరు పల్లానికే కదా పారేది, కిందున్నది పైదాన్ని ఎలా నడిపిస్తుంది? దీనికి కాలువ గట్టున పిల్లలు చేసే పనే ప్రయోగం. పారే నీటిలో ఒక రాయి వేస్తే అలలు గుండ్రంగా లేస్తాయి. ప్రవాహం కన్నా అల వేగంగా కదిలితే ఆ గుండ్రంలో ఒక అంచు ఎదురీదుతూ పైకి పోతుంది. ప్రవాహమే వేగమైతే అలలన్నీ కిందికి కొట్టుకుపోతాయి. లోతు తక్కువ నీటిలో అల వేగం లోతు మీద ఆధారపడుతుంది: రెండు మీటర్ల లోతులో అది సెకనుకు 4.4 మీటర్లు. వరద రోజున కూడా డెల్టా ఏరు సెకనుకు ఒక మీటరు దాటడమే గొప్ప. కాబట్టి దిగువన ఏ అడ్డంకి వచ్చినా, అక్కడ మట్టం ఏమాత్రం పెరిగినా, ఆ కబురు ఎదురీది పైకి చేరుతుంది, పైనున్న నీరు దానికి తగ్గట్టు లేచి నిలబడుతుంది. కొండ మీద రాళ్ల మధ్య దూకే వాగుకు ఈ కబురు అందదు, దాని వేగం అలను మింగేస్తుంది. అందుకే మైలవరం కొండల్లో బుడమేరును అర్థం చేసుకోవాలంటే పైకి చూడాలి. విజయవాడ దాటాక అర్థం చేసుకోవాలంటే కిందికి చూడాలి. హైడ్రాలిక్స్‌లో ఇది కొత్త మాట కాదు. అడ్డుకట్ట వల్ల నీరు ఎంత దూరం వెనక్కి ఎగదన్నుతుందో లెక్కగట్టే సూత్రాన్ని ఫ్రాన్స్‌లో బెలాంజే 1828లోనే ప్రకటించాడు. మన దగ్గర ఏ లాకు సూపర్‌వైజరును అడిగినా, ఏ లస్కరును అడిగినా, సూత్రం పేరు చెప్పకపోవచ్చు గానీ ఆ సంగతి చెబుతాడు.

ఇక వాలు. కొల్లేటి లెక్కలన్నీ సముద్రమట్టం నుంచి అడుగుల్లో కొలిచిన కాంటూర్లతో నడుస్తాయి. +5 కాంటూరు అంటే సముద్రమట్టానికి ఐదడుగుల ఎత్తు. సరస్సు ఆ మట్టానికి నిండినప్పుడు దానికీ సముద్రానికీ మధ్య ఉన్న తేడా ఐదడుగులు, దూరం 60 కిలోమీటర్లు. భాగిస్తే కిలోమీటరుకు ఒక అంగుళం. ఇంటి మేడ మీద వాననీరు తూము వైపు పోవడానికి మేస్త్రి పెట్టే వాటం పదడుగులకే అంతకన్నా ఎక్కువ ఉండవచ్చు. నీటి వేగం వాలుకు వర్గమూలం లెక్కన తగ్గుతుందని మానింగ్ సూత్రం చెబుతుంది. లోతూ నేల గరుకుదనమూ ఒకటే అనుకుంటే, కిలోమీటరుకు మీటరు వాలున్న చోట కన్నా కిలోమీటరుకు అంగుళం వాలున్న చోట నీరు ఆరో వంతు వేగంతో నడుస్తుంది. పైగా లోతూ గరుకుదనమూ ఒకటిగా ఉండవు. కిక్కిస, తుంగ, గుర్రపుడెక్క పెరిగిన పాయలో నీరు చేతులు కట్టేసినట్టు నడుస్తుంది. ఇంత తక్కువ వాలు మీద ఒక్క అడుగు కూడా చిన్న విషయం కాదు. చివర అడుగు ఎత్తు పెరిగితే వాలులో ఐదో వంతు పోయినట్టే.

ఇక్కడ ఒక అభ్యంతరం న్యాయంగానే వస్తుంది. 2024లో విజయవాడను ముంచింది కొల్లేరు కాదు, ఉప్పుటేరు కాదు. డైవర్షన్ కాలువకు మూడు చోట్ల గండ్లు పడ్డాయి, నీరు ఊళ్లోకి వచ్చింది, సైన్యం వచ్చి సాయం చేస్తే సెప్టెంబరు 7 నాటికి గండ్లు పూడాయి. ఇందులో సముద్రం పాత్ర ఎక్కడ? గండ్లకు గట్టు బలహీనతా, కాలువ మోయగలిగినదానికి మించి వచ్చిన నీరూ కారణాలన్నది నిజం, దాన్ని కాదనడం లేదు. అయితే ఆ కాలువ ఎక్కడ కలుస్తుందో మరచిపోకూడదు. సెప్టెంబరు 2న ప్రకాశం బ్యారేజీకి 11.43 లక్షల క్యూసెక్కులు వచ్చాయి. బ్యారేజీ కట్టిన తర్వాత అంత వరద ఎన్నడూ లేదు. కృష్ణ అంత ఎత్తున పారుతున్న రోజుల్లో దానిలో కలవాల్సిన చిన్న కాలువకు చివర ద్వారం మూసుకుపోయినట్టే లెక్క. పెద్దనది మట్టమే చిన్న కాలువ మట్టాన్ని నిర్ణయిస్తుంది. అంటే ఆ వైపు కూడా పగ్గం దిగువదే, సముద్రం బదులు కృష్ణ పట్టుకుంది, అంతే తేడా. ఇక గండ్ల నుంచి కాలనీల్లోకి వచ్చిన నీటికి మిగిలింది పాత బుడమేరు దారి. ఆ దారి పొడవునా ఏటి కడుపులో ఇళ్లు వెలిశాయి, యూటీ దగ్గర దారి సన్నబడింది, ఆ పైన నందివాడ దాకా చదును నేల. గండి పూడాక కూడా నీరు వెంటనే దిగకపోవడం, నగరం నుంచి బయటపడ్డ నీరు నందివాడ పల్లెలను మళ్లీ రోజుల తరబడి ముంచడం ఇందుకే. ఒకేసారి కొండవానా కృష్ణ వరదా వచ్చిన రోజున మళ్లింపు చేతులెత్తేస్తుందని, అప్పుడు ఏటికి దాని సొంత దారే దిక్కని ఆ సెప్టెంబరు చూపించింది.

ఆ సొంత దారిలో మొదటి మెత్త కొల్లేరు. మెత్త అన్న మాట ఊరికే వాడలేదు, లెక్క వేసి చూడవచ్చు. బుడమేరు నుంచి ఒక రోజంతా 15 వేల క్యూసెక్కులు వచ్చాయనుకుందాం. అది 1.3 టీఎంసీల నీరు. +5 కాంటూరు దగ్గర కొల్లేటి విస్తీర్ణం 308 చదరపు కిలోమీటర్లు. ఆ నీటిని అంత మేర పరిస్తే పెరిగే ఎత్తు 12 సెంటీమీటర్లు, అంటే అరజాన. ఏనికేపాడు దగ్గర మనిషెత్తు లేచిన వరద కొల్లేట్లోకి వచ్చేసరికి అరజాన! +3 కాంటూరులో 135 చదరపు కిలోమీటర్లుండే సరస్సు +10కి వచ్చేసరికి 901 చదరపు కిలోమీటర్లకు విచ్చుకుంటుంది. +5కూ +10కూ మధ్య సుమారు 32 టీఎంసీల నీరు పడుతుంది. ప్రకాశం బ్యారేజీ వెనుక నిలిచే నీటికి అది పదింతలు. ఎవరూ సిమెంటు బస్తా ఒక్కటి వాడకుండా, గేట్లు లేకుండా, పల్లానికి ఉన్న స్వభావం వల్ల దొరికిన జలాశయం అది. తమ్మిలేరు, రామిలేరు వంటి ఏళ్లూ రెండు డెల్టాల మురుగు కాలువలూ కూడా ఇందులోకే వస్తాయి కనుక మొత్తం మెత్త బుడమేరుదే కాదు. అయినా ఈ మెత్తకు బుడమేరుతో ఉన్న సంబంధం మాత్రం సూటిగానే ఉంటుంది. సరస్సు విస్తీర్ణం సగమైతే అదే వరదకు 12 సెంటీమీటర్ల బదులు 24 సెంటీమీటర్లు లేస్తుంది. కిలోమీటరుకు అంగుళం వాలున్న నేలలో ఆ అదనపు 12 సెంటీమీటర్లంటే దాదాపు ఐదు కిలోమీటర్ల వాలు మింగేసినట్టు.

సగం కావడం ఊహ కాదు. ఆంధ్ర విశ్వవిద్యాలయానికి చెందిన కె. నాగేశ్వరరావు బృందం 2001 నాటి ఉపగ్రహ చిత్రాలను పరిశీలించి, సరస్సులో దాదాపు 42 శాతం చేపల చెరువుల కింద, మరో 8 శాతం పైగా వరి కింద ఉన్నట్టు చూపింది. కొల్లేటిని 1999లో అభయారణ్యంగా ప్రకటించారు, 2002లో రామ్‌సర్ జాబితాలో చేర్చారు, 2006 ప్రాంతంలో ఆపరేషన్ కొల్లేరు పేరుతో +5 కాంటూరు లోపలి చెరువు గట్లను పేల్చివేశారు. తర్వాత గట్లు మళ్లీ లేస్తూ వచ్చాయి. చేపల రైతు అడిగే ప్రశ్న ఒకటుంది, దాన్ని తేలిగ్గా తీసేయడం తగదు: చెరువు కూడా నీళ్లే కదా, సరస్సు ఎక్కడికి పోయింది? నిజమే, పైనుంచి చూస్తే నీలంగానే కనిపిస్తుంది. కానీ వరద రోజున అడగాల్సింది ఎంత నీరు ఉందని కాదు, ఇంకా ఎంత నీరు పడుతుందని. బొచ్చె, శీలావతి పెరుగుతున్న చెరువు వానాకాలానికి ముందే నిండుగా ఉంటుంది, దాని గట్టు బయటి నీటిని రానివ్వకుండా ఉండటానికే వేసింది. నిండుకుండల మధ్య పోసిన నీరు కుండల్లోకి పోదు, సందుల్లో లేస్తుంది. కైకలూరు ప్రాంతంలో ఆ కుండల మీద బతికే కుటుంబాలు వేలల్లో ఉన్నాయి. గట్లు తీసేటప్పుడు వాళ్లకు బతుకుదెరువు చూపకపోతే గట్టు మళ్లీ లేవడం ఖాయమని ఇరవై ఏళ్ల అనుభవం చెబుతోంది. ఆ బాధ్యత చేపల రైతుది మాత్రమే కాదు. బుడమేరు కడుపులో అపార్టుమెంట్లు కట్టనిచ్చిన నగరానిది కూడా.

కొల్లేరు అక్కడెందుకుందో తెలిస్తే దాని తీరు ఇంకా బాగా అర్థమవుతుంది. కృష్ణ ఒక పక్క, గోదావరి ఒక పక్క ఒండ్రు పోసుకుంటూ సముద్రంలోకి చొచ్చుకుపోతుంటే, రెండింటి నడుమ పూడకుండా మిగిలిన పల్లం అది. సుమారు ఆరు వేల ఏళ్ల కిందట తీరం ఇక్కడికి దగ్గరలో ఉండేదనడానికి కొల్లేటికి దక్షిణాన ఇప్పటికీ వరసలుగా కనిపించే పాత ఇసుక మెరకలు సాక్ష్యం. అప్పట్లో ఉప్పునీటి కయ్యగా ఉన్నది తీరం దూరం జరిగేకొద్దీ మంచినీటి సరస్సయింది, సముద్రంతో మిగిలిన పాత చుట్టరికమే ఉప్పుటేరు. కొల్లేటికోట గురించి చెప్పుకొనే కథలో ఒరిస్సా గజపతుల కోటను ముట్టడించిన సేన సరస్సును ఎండగట్టడానికే ఉప్పుటేరును తవ్వించిందని, కోటను కాపాడుకోవడానికి లోపలి సేనాని తన కూతురినే బలిచ్చాడని, అందుకే ఆ కాలువకు పేరంటాల కనుమ అనే పేరు వచ్చిందని అంటారు. చరిత్రగా దానికి విలువ ఎంతైనా, ఆ కథ కట్టినవాళ్లకు ఒక్కటి తెలుసు: కొల్లేటి మట్టం కొల్లేట్లో తేలదు, దాని గొంతులో తేలుతుంది.

ఆ గొంతులో రోజుకు రెండుసార్లు సముద్రం పైకి వస్తుంది, రెండుసార్లు వెనక్కి పోతుంది. ఏటికి ఉప్పుటేరు అని పేరు పెట్టినవాళ్లు ఈ సంగతినే పేరులో రాసి పెట్టారు. పోటుకూ పోటుకూ మధ్య పన్నెండు గంటల ఇరవై ఐదు నిమిషాలు. అమావాస్యకూ పున్నమికీ మన తీరంలో పోటుకూ పాటుకూ మధ్య తేడా మీటరు దాటుతుంది, అంటే సగటు మట్టం మీద అరమీటరుకు పైగా లేస్తుంది. సరస్సు +5 దగ్గర ఉంటే ఉన్న మొత్తం ఎత్తే ఒకటిన్నర మీటరు. అందులో మూడో వంతును పోటు తినేస్తుంది. సరస్సు +3 దగ్గర ఉంటే సగానికి పైగా తింటుంది. సరస్సు ఇంకా దిగితే ఏరు వెనక్కి నడుస్తుంది. దీనికి తోడు చాలామంది పట్టించుకోని మరో విషయం ఉంది. సముద్రమట్టం ఏడాది పొడవునా ఒకేలా ఉండదు. గాలులు, తీరప్రవాహాలు, గంగా బ్రహ్మపుత్రల నుంచి వచ్చే మంచినీరు, వీటన్నిటి వల్ల ఆంధ్ర తీరంలో మట్టం మార్చి, ఏప్రిల్ నెలల్లో అన్నిటికన్నా తక్కువగా, అక్టోబరు, నవంబరుల్లో అన్నిటికన్నా ఎక్కువగా ఉంటుంది. తేడా సుమారు ఒక అడుగు. సరిగ్గా తుపాను వానలు పడి కొల్లేరు నిండే నెలల్లోనే సముద్రం గడప ఎత్తు పెంచుకుంటుంది. తుపాను తీరం దాటే రోజున గాలి తోసుకొచ్చే ఉప్పెన ఈ లెక్కలన్నిటినీ మించుతుంది. 1977 నవంబరు 19న దివిసీమలో అది ఎంత పని చేసిందో కృష్ణా జిల్లాకు ఎవరూ గుర్తుచేయనవసరం లేదు. ఉప్పెన తీసిన ప్రాణాల సంగతి వేరు. అంతటి ఉప్పెన లేని మామూలు తుపానులో కూడా ఏటి నోరు గంటల కొద్దీ మూసుకుపోతుంది, అదే సమయంలో పైన కొండల్లో వాన పడుతూ ఉంటుంది.

నోటి దగ్గర ఏటికి రెండు వైపులా ఉండే ఉప్పు రేవడి నేలలు, మడ అడవులు ఈ కథలో చిన్న పాత్రలు కావు. బయటివాళ్లకు బురదగా, పనికిరాని చవుడుగా కనిపించే ఆ నేలే ఏటి నోటిని తెరిచి ఉంచుతుంది. ఎలాగంటే, తీరం వెంబడి అలలు ఇసుకను మోసుకుపోతూ ప్రతి చిన్న ఏటి నోటికీ అడ్డుగా మేట వేస్తాయి. వేసవిలో ఏటికి పైనుంచి వచ్చే నీరు ఆ ఇసుకను తోయలేదు. తోసేది పోటు, పాటు. పోటుకు లోపలికి వచ్చి మడల్లో, రేవడిలో, పిల్లపాయల్లో పరుచుకున్న నీరంతా పాటుకు ఒక్కసారిగా వెనక్కి పోతూ ఇసుకను కోసుకుంటూ పోతుంది. ఇలా ఒక పోటుకు లోపలికి వచ్చిపోయే నీటి పరిమాణాన్ని బట్టే నోటి వెడల్పు, లోతు ఉంటాయని అమెరికా ఇంజనీరు ఓబ్రియన్ 1931లో గమనించాడు. ఆ సంబంధం తర్వాత ప్రపంచంలోని అనేక తీరాల్లో నిలిచింది. రేవడికి గట్టు వేసి రొయ్యల చెరువుగా మారిస్తే ఆ మేరకు పోటునీటికి చోటు తగ్గుతుంది. చోటు తగ్గితే పాటుకు వెనక్కి పోయే నీరు తగ్గుతుంది, నోరు సన్నబడుతుంది, మేట పెరుగుతుంది. అంటే తీరంలో కట్టిన ఒక గట్టు, వానాకాలంలో కొల్లేరు దిగే వేగాన్ని తగ్గించగలదు. కొల్లేరు దిగకపోతే నందివాడ దగ్గర బుడమేరు దిగదు. ఇంత దూరపు బంధం నమ్మడానికి కష్టంగానే ఉంటుంది, కానీ ఇందులో ప్రతి కొక్కెం తర్వాతి దానికి తగులుకునే ఉంది.

అలాగైతే ఉప్పుటేరును తిన్నగా, లోతుగా తవ్వేస్తే పోలేదా అన్నది పాత ప్రశ్న, ఇంజనీర్ల ప్రశ్న కూడా. వంకర్లు కోసి దారి దగ్గర చేస్తే అదే ఐదడుగుల ఎత్తు తక్కువ దూరంలో దిగుతుంది, వాలు పెరుగుతుంది, నీరు త్వరగా పోతుంది. ఇందులో అబద్ధం లేదు. పూడికతో, ఆక్రమణతో కుంచించుకుపోయిన చోట్ల తవ్వడం తప్పనిసరి కూడా. కానీ దారి రెండు వైపులా తెరుచుకుంటుంది. వరద కిందికి పోవడానికి సులువైన కాలువ, పోటు పైకి రావడానికి కూడా అంతే సులువు. పైగా ఉప్పునీరు మంచినీటి కన్నా నూటికి రెండున్నర వంతులు బరువు. ఆ కొద్ది బరువుతోనే అది మంచినీటి కింద నేలను పట్టుకుని పైకి పాకుతుంది. ఏరు ఎంత లోతైతే అంత దూరం పాకుతుంది. వేసవిలో కొల్లేరు దిగి ఉన్నప్పుడు ఆ ఉప్పు సరస్సు అంచుల దాకా వచ్చి ఊళ్లలో తాగునీటిని చెడగొడుతోంది. ఇంకో చిక్కు కూడా ఉంది. మురుగు కాలువలు మోసుకొచ్చే సన్నని బంకమట్టి రేణువులు మంచినీటిలో ఒకదాన్నొకటి తోసుకుంటూ తేలుతుంటాయి. ఉప్పు తగిలేసరికి ఆ తోపుడు పోయి, అతుక్కుని, ముద్దలుగా అడుగుకు దిగుతాయి. మంచినీరూ ఉప్పునీరూ కలిసే చోట లోతుగా తవ్విన గుంట ఆ మట్టికి పట్టుగా మారుతుంది. అందుకే అక్కడ తవ్వకం ఒకసారి చేసి మరచిపోయే పని కాదు. ఏటా పెట్టుకోవాల్సిన ఖర్చు, ఆ ఖర్చు ఎవరు పెడతారో ముందే తేల్చుకోవాలి.

ఉప్పు రాకుండా ఉప్పుటేరు మీద రెగ్యులేటర్లు కట్టాలన్న ప్రతిపాదన ఏళ్లుగా ఉంది. వేసవిలో గేట్లు దించి మంచినీటిని నిలపడం, వరదలో ఎత్తడం దాని ఉద్దేశం. కొల్లేటి ఊళ్లకు తాగునీరు కావాలి, పక్షులకు +5 మట్టం కావాలి, కనుక ఈ కోరికను తప్పుపట్టలేం. కానీ కేరళలో ఇలాంటిదే ఒక పాఠం ఉంది. వేంబనాడ్ సరస్సులో వరి పొలాలకు ఉప్పు తగలకుండా 1970లలో తణ్ణీర్‌ముక్కం కట్ట కట్టారు. పంట నిలిచింది. అయితే వేసవిలో ఉప్పు రాకపోవడంతో ఎగువన గుర్రపుడెక్క వంటి కలుపు చావకుండా పెరిగింది, రొయ్య, చేప రాకపోకలు తెగాయి. ఒడిశాలో చిలికా కథ దీనికి ఎదురు దిక్కున నడిచింది: నోరు పూడి మంచినీరు ఎక్కువైపోయిన సరస్సుకు 2000లో కొత్త నోరు తెరిచారు. ఉప్పు తిరిగొచ్చింది, కలుపు తగ్గింది, వల బరువెక్కింది. 2002లో చిలికాను ప్రమాదంలో ఉన్న చిత్తడి నేలల జాబితా నుంచి తీసేశారు. చిలికా ఉప్పు కయ్య, కొల్లేరు మంచినీటి సరస్సు. ఒకదానికి పనిచేసింది ఇంకోదానికి అచ్చంగా పనిచేయదు. అయినా రెండూ చెప్పేది ఒకటుంది, ఏటి నోటి దగ్గర కదిపిన గేటు సరస్సు లోపలి బతుకంతటినీ కదుపుతుంది.

నీలకంఠ రొయ్యను తీసుకుంటే ఇది స్పష్టంగా తెలుస్తుంది. అది పెరిగేది మంచినీటిలో, కానీ దాని పిల్ల మంచినీటిలో కొన్ని రోజులకు మించి బతకదు. గుడ్లు మోసే తల్లి ఏటి వెంట ఉప్పు తగిలే చోటికి దిగాలి. అక్కడ పొదిగిన పిల్ల ఉప్పూ తీపీ కలిసిన నీటిలో నెల రోజులు రూపాలు మార్చుకుంటూ ఎదిగి, అప్పుడు ఏటికి ఎదురు పాకుతూ మంచినీటికి తిరిగి రావాలి. పండుగప్ప చేపది సరిగ్గా ఇదే దారి కాకపోయినా అలాంటిదే: గుడ్లు పెట్టేది ఏటి నోటి దగ్గర ఉప్పునీటిలో, పిల్లలు మేతకు ఎక్కేది పాయల్లోకి, చిత్తడిలోకి. ఇక రెగ్యులేటరు కట్టి తీరాలనుకుంటే, గేట్లు ఎప్పుడు ఎత్తాలో తాగునీటి మట్టం ఒక్కటే నిర్ణయించకూడదు. తల్లిరొయ్య దిగే నెలలు, పిల్లరొయ్య ఎక్కే నెలలు, అమావాస్య పోటు రోజులు కూడా ఆ పట్టికలో ఉండాలి. వలవేసే వడ్డీ కులస్థులకు ఆ నెలలు తెలుసు. ఇంజనీరు బల్ల ముందు వాళ్లకు కుర్చీ వేస్తే సరిపోతుంది.

గడప మాత్రం ఏటేటా ఎత్తవుతోంది. 1901 నుంచి 2018 మధ్య ప్రపంచ సగటు సముద్రమట్టం 20 సెంటీమీటర్లు పెరిగిందని ఐపీసీసీ లెక్క, ఇటీవలి వేగం ఏడాదికి 3.7 మిల్లీమీటర్లు. ఇరవై సెంటీమీటర్లు ఏ కొండప్రాంతపు ఏటికైనా లెక్కలోకి రావు. ఒకటిన్నర మీటరు మీద బతికే ఉప్పుటేరుకు అది దాదాపు ఎనిమిదో వంతు. ఇంకో వైపు నేల కూడా సాయం చేయడం లేదు. నది ఏటా ఒండ్రు పోస్తేనే డెల్టా తన కుంగుబాటును పూడ్చుకుంటుంది. కృష్ణ మోసుకొచ్చే ఒండ్రులో 90 శాతానికి పైగా ఆనకట్టల వెనుకే ఆగిపోతోందని 2009లో సివిట్‌స్కీ బృందం నేచర్ జియోసైన్స్ పత్రికలో ప్రకటించింది. బుడమేరు వరదను అంచనా వేసే పట్టికలో ఈ రోజు వెలగలేరు గేజీ ఉంటుంది, ప్రకాశం బ్యారేజీ మట్టం ఉంటుంది, మైలవరం వానమానం ఉంటుంది. వాటి పక్కన కొల్లేటి మట్టానికి ఒక గడి, ఆకివీడు దగ్గర ఉప్పుటేరు మట్టానికి ఒక గడి, ఏటి నోటి దగ్గర పోటు ఎన్ని గంటలకో రాసుకోవడానికి ఇంకో గడి కావాలి. పున్నమికి రెండు రోజుల ముందు కొల్లేరు +5 దగ్గర నిండుగా ఉండి, మైలవరంలో మబ్బు పట్టిందంటే, సింగ్‌నగర్‌లో మొదటి మెట్టు తడవక ముందే ఆ మూడు గడులు చాలా సంగతి చెబుతాయి.